పది లక్షల సంతకాలు, కొన్ని సెకన్ల బొమ్మ: సూపర్ బౌల్‌లో స్పాంజ్‌బాబ్ నివాళి

2019 ఫిబ్రవరి 4, సోమవారం. తెల్లవారుజామున ఐదింటికల్లా టీ పెట్టుకుని తెర ముందు కూర్చున్నాను. అట్లాంటాలో అప్పటికి ఇంకా ఆదివారం సాయంత్రమే. మెర్సిడెస్ బెంజ్ స్టేడియంలో 53వ సూపర్ బౌల్, అంటే అమెరికన్ ఫుట్‌బాల్ లీగ్ ఫైనల్, న్యూ ఇంగ్లండ్ పేట్రియాట్స్‌కీ లాస్ ఏంజెలిస్ రామ్స్‌కీ మధ్య. నాకు అమెరికన్ ఫుట్‌బాల్ పెద్దగా తెలియదు, రూల్స్ సగమే అర్థమవుతాయి. నేను లేచింది హాఫ్ టైమ్‌లో జరిగే పాటల షో కోసం. స్పాంజ్‌బాబ్ కార్టూన్ సృష్టించి, అంతకు కొద్ది నెలల ముందే పోయిన స్టీఫెన్ హిల్లెన్‌బర్గ్ కోసం పది లక్షల మందికి పైగా సంతకాలు పెట్టి అడిగిన ఒక నివాళి అందులో ఉంటుందా ఉండదా, ఉంటే ఎలా ఉంటుంది, అదే నా టెన్షన్.

గ్రౌండ్‌లో పెద్ద తెర మీద ఏ క్షణంలో ఏం కనిపించాలో చూసుకోవడం నా పని. సంక్రాంతి క్రికెట్ టోర్నమెంట్లు, కబడ్డీ పోటీలు, కాలేజీ స్పోర్ట్స్ మీట్లు, ఎక్కడ ఎల్ఈడీ వాల్ కడితే అక్కడ దాని వెనక చిన్న టెంట్‌లో రెండు ల్యాప్‌టాప్‌లతో కూర్చుంటాను. స్కోరు, రీప్లే, స్పాన్సర్ల యాడ్లు, ముఖ్య అతిథి ఫొటో, అన్నీ నా చేతి మీదుగానే వెళ్తాయి. చనిపోయినవాళ్లకు తెర మీద నివాళి పెట్టమని ఏటా ఎవరో ఒకరు అడుగుతూనే ఉంటారు. అట్లాంటాలో జరిగింది నా మనసులో ఇన్నేళ్లుగా ఎందుకు ఉండిపోయిందో, దాని నుంచి నా పని ఎలా మారిందో ఇక్కడ పూర్తిగా రాస్తున్నాను.

సముద్రం పాఠాలు చెప్పిన మాస్టారు

స్టీఫెన్ హిల్లెన్‌బర్గ్ మొదట బొమ్మల మనిషి కాదు, సముద్రం మనిషి. 1961లో ఓక్లహోమాలో పుట్టారు. కాలేజీలో సముద్ర వనరుల చదువు చదివి, కాలిఫోర్నియాలో డేనా పాయింట్ అనే చోట ఒక సముద్ర విజ్ఞాన సంస్థలో పిల్లలకు పాఠాలు చెప్పారు. ఆటు వచ్చినప్పుడు రాళ్ల మధ్య గుంటల్లో నీళ్లు నిలిచిపోతాయి కదా, ఆ నీళ్లలో బతికే జీవుల గురించి పిల్లలకు తేలిగ్గా అర్థమయ్యేలా ఒక చిన్న కామిక్ పుస్తకం గీశారు. దాన్లో కథ చెప్పేది ఒక స్పాంజి. తర్వాత ఉద్యోగం మానేసి కాల్ఆర్ట్స్ అనే కళల కాలేజీలో యానిమేషన్ చదివి 1992లో డిగ్రీ తీసుకున్నారు. కొన్నాళ్లు వేరే కార్టూన్ సిరీస్‌లో పనిచేశాక, 1999లో నికెలోడియన్ అనే పిల్లల టీవీ ఛానెల్‌లో ఆయన స్పాంజ్‌బాబ్ మొదలైంది.

మొదట ఆయన గీసింది సముద్రంలో ఉండే అసలు స్పాంజిని, గుండ్రంగా, వంకరటింకరగా. తర్వాత గిన్నెలు తోముకునే నలుచదరపు స్పాంజి అయితేనే ఆ పాత్ర స్వభావానికి సరిపోతుందని మార్చారు. పాఠం చెప్పడం కోసం గీసిన బొమ్మే చివరికి ప్రపంచమంతా తిరిగింది. నాకు ఆయన మీద గౌరవం మొదలైంది అక్కడే.

2017 మార్చిలో తనకు ఏఎల్ఎస్ ఉందని ఆయన బయటపెట్టారు. కండరాలు ఒక్కొక్కటిగా మాట వినడం మానేసే జబ్బు అది. పని మానను అన్నారు. 2018 నవంబర్ 26న పోయారు, 57 ఏళ్లకే.

ఆ పాటే ఎందుకు

ఆయన పోయిన కొద్ది రోజుల్లోనే ఒక అభిమాని ఆన్‌లైన్ పిటిషన్ పెట్టాడు. హిల్లెన్‌బర్గ్ స్మృతికి గౌరవంగా, అలాగే స్పాంజ్‌బాబ్‌లో వచ్చే 'స్వీట్ విక్టరీ' పాట గొప్పతనం అందరికీ చూపించడానికి, రాబోయే సూపర్ బౌల్ హాఫ్ టైమ్‌లో దాన్ని వినిపించాలని అందులో కోరాడు.

ఈ కోరిక గాల్లోంచి ఊడిపడలేదు. 2001 సెప్టెంబర్‌లో ప్రసారమైన ఒక స్పాంజ్‌బాబ్ ఎపిసోడ్ చూసినవాళ్లకు వెంటనే వెలుగుతుంది. స్క్విడ్‌వర్డ్ అని ఒక పాత్ర ఉంది. హోటల్లో క్యాష్ కౌంటర్ దగ్గర కూర్చుంటాడు, క్లారినెట్ వాయిస్తాడు, ఎవరూ మెచ్చుకోరు. చిన్నప్పటి ప్రత్యర్థి ఫోన్ చేసి దెప్పితే, నాకూ బ్యాండ్ ఉంది, బబుల్ బౌల్ అనే ఫుట్‌బాల్ పోటీలో వాయిస్తాను అని మాట జారతాడు. ఊళ్లో జనాన్ని పోగుచేసి నేర్పించబోతే అది కాస్తా కొట్లాటగా మారుతుంది. పరువు పోయిందనుకుని నిలబడ్డ రోజున, స్పాంజ్‌బాబ్ మాట విని ఊరంతా పట్టుదలగా నేర్చుకుని వస్తుంది. పెద్ద గాజు బుడగలో బ్యాండు పైకి లేస్తే, చుట్టూ నిజమైన మనుషులతో నిండిన ఫుట్‌బాల్ స్టేడియం. అక్కడ మొదలవుతుంది ఆ పాట. చివర్లో స్క్విడ్‌వర్డ్ ఆనందం పట్టలేక గాల్లోకి ఎగురుతాడు, ఫ్రేము అక్కడే ఆగిపోతుంది.

అంటే బొమ్మల్లో ఆ పాత్రలు పదిహేడేళ్ల క్రితమే ఒక ఫుట్‌బాల్ పోటీలో పాడేశాయి. ఆ నీటి లోకాన్ని సృష్టించిన మనిషి పోయాడు కాబట్టి, నిజం పోటీలో ఒక్కసారి ఆ పాట వినిపించండి అని అభిమానులు అడిగారు. ఇంత సరిగ్గా అమరే నివాళి కోరిక నేను ఇంకోటి చూడలేదు.

పాట గురించి ఒక మాట చెప్పి ముందుకెళ్తాను. అది ఎపిసోడ్ కోసం కట్టిన పాట కాదు, లైబ్రరీ మ్యూజిక్. డేవిడ్ గ్లెన్ ఐస్లీ, బాబ్ కులిక్ చేసిన రాక్ పాట. ఎవరైనా డబ్బు కట్టి వాడుకునేలా సిద్ధంగా ఉంచిన పాటల్లో ఒకటి. మా పనిలో అలాంటి ట్రాకులు వేలకొద్దీ వింటాం, మరిచిపోతాం. ఈ ఒక్కటి మాత్రం ఒక తరానికి గెలుపు పాట అయిపోయింది.

69 రోజులు

హిల్లెన్‌బర్గ్ పోయిన రోజుకీ సూపర్ బౌల్‌కీ మధ్య 69 రోజులు. బయటివాళ్లకు ఇది చాలా సమయంగా కనిపిస్తుంది. నా లెక్కలో అప్పటికే ఆలస్యమైంది.

హాఫ్ టైమ్ షో అంటే పన్నెండు, పదమూడు నిమిషాల ముక్క. దానికి ముందు ఏడెనిమిది నిమిషాల్లో కొన్ని వందల మంది స్టేజీని ముక్కలుగా తోసుకొచ్చి గడ్డి మీద బిగించాలి, షో అవగానే అంతే వేగంగా ఎత్తేయాలి. అందుకే ప్రతి సెకనూ నెలల ముందే రన్ షీట్‌లోకి, అంటే ఏ క్షణంలో ఏం రావాలో రాసుకునే పట్టికలోకి, ఎక్కిపోతుంది. మెరూన్ 5 అనే బ్యాండ్ పాడబోతోందని సెప్టెంబర్ నుంచే వార్తలు వచ్చాయి, అధికారిక ప్రకటన మాత్రం జనవరి 13న వచ్చింది. పిటిషన్ మొదలయ్యేనాటికి వంట సగం అయిపోయింది. ఆ దశలో కొత్త ఐటమ్ పెట్టమంటే అంతకుముందున్నది ఏదో తగ్గాలి. ఎవరి పాట తగ్గిస్తారు?

పైగా ఆ ఏడాది హాఫ్ టైమ్ చుట్టూ వాతావరణం బాగా లేదు. జాతీయ గీతం వస్తున్నప్పుడు మోకాలి మీద కూర్చుని నిరసన తెలిపిన క్రీడాకారుడు కాలిన్ కేపర్నిక్ విషయంలో లీగ్ మీద కోపంగా ఉన్న కళాకారులు చాలామంది ఆ వేదికకు దూరంగా ఉన్నారు. మెరూన్ 5 కూడా తప్పుకోవాలని వేరే పిటిషన్ నడిచింది. ఏటా జరిగే హాఫ్ టైమ్ ప్రెస్ మీట్ ఆసారి రద్దయింది. ఇంత ఒత్తిడిలో ఉన్నవాళ్లకు, ఎవరితోనూ గొడవ లేని ఒక పసుపుపచ్చ బొమ్మ మీద జనం ప్రేమ కురిపిస్తుంటే అది ఎంత ఊరటగా అనిపించి ఉంటుందో నేను ఊహించగలను. కాబట్టే, నా అభిప్రాయంలో, ఊరించడం మొదలైంది.

డిసెంబర్‌లో ఆ స్టేడియం అధికారిక సోషల్ మీడియా ఖాతాలో స్పాంజ్‌బాబ్ బొమ్మ కనిపించింది. జనవరిలో మెరూన్ 5 వదిలిన టీజర్‌లో కూడా స్పాంజ్‌బాబ్ కంటికి ఆనీ ఆననట్టు ఒక్క క్షణం మెరిశాడు. అంతే, అభిమానులు ఖాయం అనుకున్నారు. సంతకాలు పది లక్షలు దాటాయి. మాట ఇవ్వలేదు కదా అని నిర్వాహకులు అనొచ్చు, నిజంగానే ఎవరూ మాటగా ఇవ్వలేదు. కానీ తెర మీద చూపించే ప్రతి బొమ్మా ఒక మాటే అని నేను నమ్ముతాను. వరుడి ఫొటో వేసి బ్యానర్ కట్టాక, పెళ్లి జరుగుతుందని మేం చెప్పలేదే అంటే ఊళ్లో ఎవరు ఒప్పుకుంటారు?

ఆ రాత్రి తెర మీద

హాఫ్ టైమ్‌కి స్కోరు పేట్రియాట్స్ 3, రామ్స్ 0. మన టైములో ఆరున్నర ప్రాంతం. మెరూన్ 5 మొదలుపెట్టింది. కొంతసేపటికి తెర మీద ఆ నీటి లోకం వచ్చింది, స్క్విడ్‌వర్డ్ కనిపించాడు, బ్యాండు నిలబడి ఉంది. నేను కుర్చీ అంచుకు జరిగాను. ఇప్పుడు మొదలవుతుంది అనుకున్న క్షణంలో మండుతున్న ఉల్క ఒకటి దూసుకొచ్చింది, స్టేజీ మీద మంటలు లేచాయి, రాపర్ ట్రావిస్ స్కాట్ తన 'సికో మోడ్' పాట అందుకున్నాడు. 'స్వీట్ విక్టరీ' పాట రాలేదు. హిల్లెన్‌బర్గ్ పేరు రాలేదు.

ఊరించి ఉసూరుమనిపించడం అంటే అదే. అమెరికాలో టీవీ ముందు ఆ మ్యాచ్ చూసినవాళ్లు దాదాపు పది కోట్ల మంది. వాళ్లలో ఎక్కువమందికి ఈ పిటిషన్ సంగతే తెలిసి ఉండదు. మధ్యలో ఏదో కార్టూన్ వచ్చిపోయింది అనుకుని ఉంటారు. తెలిసినవాళ్లకు గుండె కలుక్కుమంది.

నేను ఆ భాగాన్ని తర్వాత చాలాసార్లు, ఫ్రేము ఫ్రేముగా చూశాను. నా వృత్తి కళ్లతో చూస్తే దాని పని ఏమిటో స్పష్టంగా తెలుస్తుంది. ఒక గాయకుడి నుంచి ఇంకో గాయకుడికి మారాలి. ఆ మధ్యలో కెమెరాలు సర్దుకోవాలి, లైట్లు మారాలి, కొత్త మనిషి తన గుర్తు మీదికి వచ్చి నిలబడాలి. ఆ ఖాళీ కనపడకుండా కొన్ని సెకన్ల వీడియో వేస్తాం. దాన్ని మేం ఫిల్లర్ అంటాం. ఫిల్లర్‌లో ఏముందన్నది ముఖ్యం కాదు, తర్వాత వచ్చేదాన్ని పెద్దదిగా చూపించడమే దాని పని. ఆ రోజు ఆ చోట స్పాంజ్‌బాబ్‌ను పెట్టారు. స్క్విడ్‌వర్డ్ జీవితంలో దొరికిన ఒకే ఒక్క గెలుపును ఇంకొకరి ప్రవేశానికి తలుపుగా వాడారు.

వాళ్లు దురుద్దేశంతో చేశారని నేను అనుకోవడం లేదు. టెంట్‌లో కూర్చునేవాడికి అది సర్దుబాటులా కనిపిస్తుంది. అభిమానులు అడిగింది కూడా ఉంది, టైము కూడా మించలేదు అనిపిస్తుంది. నాకెలా తెలుసంటే, అంతకు ఏడాది ముందు నేనూ సరిగ్గా అదే పని చేశాను.

గొడుగు అంపైరు

2018 సంక్రాంతి. గోదావరి వైపు ఒక ఊళ్లో రాత్రిపూట టెన్నిస్ బాల్ టోర్నమెంట్. ఆ ఊరి హైస్కూల్లో ఒక డ్రాయింగ్ మాస్టారు ఉండేవారు. ఆ టోర్నమెంట్ మొదలైన నాటి నుంచి కరపత్రం మీద బొమ్మ ఆయనదే. బానపొట్ట, మడతపెట్టిన గొడుగు, మెడలో ఈల వేసుకున్న ఒక అంపైరు. ఏటా ఆ అంపైరు కొత్త తంటాలో ఇరుక్కుంటాడు. ఒక ఏడు బంతి గొడుగులో పడుతుంది, ఒక ఏడు కోడిపుంజు వికెట్ల మీద కూర్చుంటుంది. బౌండరీ చుట్టూ రేకుల మీద కూడా మాస్టారే స్వయంగా రంగులతో వేసేవారు. పిల్లలు మ్యాచ్ కంటే ముందు ఆ రేకులు చూడటానికి వచ్చేవాళ్లట.

ఆ సంక్రాంతికి ముందు వచ్చిన కార్తీకంలో ఆయన పోయారు. పాత విద్యార్థులు వాట్సాప్ గ్రూపులో మాట్లాడుకుని, హైదరాబాద్ నుంచీ బెంగళూరు నుంచీ చందాలు పంపి, ఫైనల్ రోజు తెర మీద మాస్టారికి నివాళి ఉండాలని కమిటీని అడిగారు. కమిటీ సరేనంది. వీడియో నేనే చేశాను. నిమిషంన్నర వచ్చింది. ఫైనల్ రోజు మధ్యాహ్నం ఒకాయన టెంట్‌లోకి వచ్చి రన్ షీట్ చూశాడు.

"తమ్ముడూ, ఇది కుదరదు. ఇన్నింగ్స్ మధ్యలో స్పాన్సర్లకి మాటిచ్చేశాం. ఒక పది సెకన్లు చేసెయ్."

"పది సెకన్లలో ఏం వస్తుందండీ?"

"మాస్టారి బొమ్మ వస్తుంది కదా. అది చాలు, జనం గుర్తుపడతారు."

నేను ఎదురు చెప్పలేదు. వీడియోలో పది సెకన్లు కోశాను. రెండు యాడ్ల మధ్యలో పెట్టాను, ఒకటి ఎరువులది, ఇంకోటి నగల షాపుది. పేరు చూపించే కార్డు చివర్లో ఉండేది. అది కోతలో పోయింది. ఆ సంగతి నాకు ప్లే నొక్కాక గానీ తట్టలేదు. గొడుగు అంపైరు తెర మీదికి వచ్చాడు, పిల్లలు కేరింతలు కొట్టారు, వాళ్ల కేక ఆగకముందే నగల షాపు పాట మొదలైంది.

మాస్టారి భార్య, కూతురు ముందు వరసలో ప్లాస్టిక్ కుర్చీల్లో ఉన్నారు. ఆ ముక్క అయిపోయిందని వాళ్లకు తెలియలేదు. ఇంకా వస్తుందేమో అని తెర వైపే చూస్తూ కూర్చున్నారు. రెండో ఇన్నింగ్స్ మొదలై మొదటి ఓవర్ అయ్యేదాకా ఆవిడ తెర మీంచి చూపు తిప్పలేదు. టెంట్ గుడ్డ సందులోంచి నేను చూస్తూనే ఉన్నాను. అట్లాంటాలో ఉల్క వచ్చిన క్షణంలో నాకు కనపడింది ఆ కుర్చీలే.

ఎక్కడ జారింది

అభిమానుల వైపు నుంచి కూడా ఒక విషయం చెప్పాలి. వాళ్ల తప్పని కాదు, ఇకముందు అడగబోయేవాళ్లకు పనికొస్తుందని. ఆ పిటిషన్‌లో రెండు కోరికలు ముడిపడి ఉన్నాయి. ఒకటి హిల్లెన్‌బర్గ్‌ను గౌరవించడం, రెండోది పాట. రోజులు గడిచేకొద్దీ పాట పెరిగింది, మనిషి తగ్గాడు. పాట గురించి జోకులు వేయొచ్చు, మీమ్స్ చేయొచ్చు, ఉంటుందా లేదా అని పందెం కట్టొచ్చు. చనిపోయిన మనిషి గురించి అవేవీ చేయలేం. అందుకని ప్రచారం సహజంగానే పాట వైపు ఒరిగింది. నిర్వాహకుల చెవికి చేరేసరికి, స్పాంజ్‌బాబ్ కనిపిస్తే చాలు అన్నట్టుగా మారింది. నా ఊరి కథలోనూ అంతే. మాస్టారికి నివాళి అని మొదలై, మాస్టారి బొమ్మ వస్తే చాలు అనే దగ్గరికి వచ్చింది.

మన దగ్గర అభిమాన సంఘాలకు ఈ ఒడుపు బాగా తెలుసు. హీరో పుట్టినరోజుకి రక్తదానం పెట్టినా, థియేటర్ దగ్గర కటౌట్ కట్టినా, మొదట చూసుకునేది పేరు. పేరు ఎంత సైజులో ఉంది, ఎక్కడ ఉంది, ఎవరి పేరు పక్కన ఉంది అని గంటలు గంటలు వాదించుకుంటారు. బయటి నుంచి చూస్తే చిన్న విషయంగా కనిపించవచ్చు. తెరల పని చేసేవాడిగా నాకు ఆ వాదన విలువ తెలుసు. బొమ్మ అందరికీ తెలుసు, గీసిన చెయ్యి ఎవరికీ తెలియదు. కార్టూన్ గీసే మనిషికి నివాళి అంటే ముందు ఆ పేరే కనపడాలి.

హక్కుల సంగతి కూడా ఉంది. స్పాంజ్‌బాబ్ నికెలోడియన్‌ది. అప్పట్లో అది వయాకామ్ అనే సంస్థ కింద ఉండేది. ఆ ఏడాది మ్యాచ్ ప్రసారం సీబీఎస్ అనే టీవీ సంస్థది. ఆ రెండు సంస్థలూ కలిసింది 2019 డిసెంబర్‌లో, అంటే మ్యాచ్ అయిపోయిన పది నెలలకు. బొమ్మ ఒకరిది, పాట ఒకరిది, వేదిక ఇంకొకరిది, ప్రసారం వేరొకరిది. ఇంతమంది సంతకాలు కావాలంటే జనం సంతకాలు పది లక్షలున్నా చాలవు. అందుకే ఆ కొద్ది సెకన్లు రావడానికి కూడా తెర వెనక ఎవరో గట్టిగానే కష్టపడి ఉంటారని నా నమ్మకం. వాళ్ల మీద నాకు కోపం లేదు. కానీ అంత కష్టపడి అనుమతి తెచ్చుకున్నాక, పేరు వేయడానికి అదనంగా పట్టేది రెండు సెకన్లు.

మర్నాడు డల్లాస్‌లో

సూపర్ బౌల్ అయిన మర్నాడు, ఫిబ్రవరి 4 రాత్రి, డల్లాస్‌లో ఐస్ హాకీ మ్యాచ్. డల్లాస్ స్టార్స్ అనే జట్టు తన సొంత మైదానంలో అరిజోనా కయోటీస్‌తో ఆడుతోంది. సీజన్‌లో వచ్చే ఎన్నో మ్యాచుల్లో అదొకటి. ఆ జట్టు తెర విభాగం వాళ్లు ఆ రోజు పెద్ద స్క్రీన్ మీద 'స్వీట్ విక్టరీ' ఘట్టాన్ని తమ జట్టుకు తగ్గట్టు మార్చుకుని, పాట పూర్తిగా వేశారు.

నన్ను కదిలించింది ఇదే. పదమూడు నిమిషాల షోలో, కోట్ల డాలర్ల వేదిక మీద దొరకని చోటు, ఒక సోమవారం రాత్రి మామూలు లీగ్ మ్యాచ్‌లో దొరికింది. ఎందుకంటే అక్కడ తెర నడిపేవాళ్ల చేతిలో నిర్ణయం ఉంది. అడిగినవాళ్ల ఘోష వాళ్ల చెవిన పడింది, ఒక్క రోజులో పని చేశారు. నాలాంటి చిన్న పనివాడికి ఆ జట్టువాళ్లే ఆదర్శం. పెద్ద వేదిక దొరకలేదని కూర్చోకుండా, మన చేతిలో ఉన్న తెర ఎంతదైనా, దాని మీద పూర్తిగా చేయొచ్చు.

అయిదేళ్ల తర్వాత

2024 ఫిబ్రవరి 11న లాస్ వెగాస్‌లో 58వ సూపర్ బౌల్. సీబీఎస్, నికెలోడియన్ అప్పటికి ఒకే గొడుగు కింద ఉన్నాయి. పిల్లల కోసం నికెలోడియన్‌లో విడిగా ప్రసారం ఏర్పాటు చేశారు. స్పాంజ్‌బాబ్, అతని స్నేహితుడు పాట్రిక్ పాత్రలు మొదటి నుంచీ వాటికి గొంతు ఇస్తున్న టామ్ కెన్నీ, బిల్ ఫాగర్‌బాకీల నోటితోనే కామెంటరీ చెప్పాయి. ఆ ప్రసారం మొదలైందే 'స్వీట్ విక్టరీ' పాటతో. ఆ బొమ్మలు పాడుతుంటే చూసి, అయిదేళ్ల క్రితం సంతకం పెట్టినవాళ్లలో చాలామందికి కళ్లు చెమర్చి ఉంటాయి. నాకు చెమర్చాయి.

పాట కట్టినవాళ్లలో ఒకరైన బాబ్ కులిక్ అది చూడలేదు. ఆయన 2020లో పోయారు.

అభిమానుల ప్రచారం ఓడిపోయిందా, గెలిచిందా అని నన్ను తోటి పనివాళ్లు అడుగుతుంటారు. ఆ రాత్రికి ఓడింది. కానీ అంత పెద్ద సంస్థలు అయిదేళ్ల తర్వాత అదే ఆటకు, అదే పాటతో తెర లేపాయంటే ఆ సంతకాలు ఎవరి మనసులోనో నిలిచిపోయాయనే నేను అనుకుంటాను.

ఇప్పుడు నా రన్ షీట్

అట్లాంటా తర్వాత నా పద్ధతి మార్చుకున్నాను. నివాళి అడిగితే ముందు ఒప్పుకోను, ఊరించను. కనీసం నలభై సెకన్లు ఇవ్వగలరా అని కమిటీని అడుగుతాను. ఇవ్వలేమంటే, అసలు వద్దని నేనే చెప్తాను. వాళ్ల ఇంటివాళ్లను పిలవొద్దని కూడా చెప్తాను. ఇవ్వగలమంటే రన్ షీట్‌లో ఆ వరసకి ముందు అయిదు సెకన్లు, తర్వాత అయిదు సెకన్లు నల్ల తెర రాసుకుంటాను. యాడ్ పక్కన యాడ్‌లా నివాళి నడవకూడదు. పేరు కార్డు మొదట్లోనే వేస్తాను, చివర్లో కాదు. కోత పడితే ఎప్పుడూ చివరే పోతుంది, అది నా చేతులతో నేను నేర్చుకున్న సంగతి. కామెంటేటర్‌కి ఒక చీటీ ఇస్తాను, ఆ కాసేపు మైకు కట్టేయమని. మనవాళ్లకు మైకు కట్టేయడం కంటే కష్టమైన పని లేదు, అయినా బతిమాలితే వింటారు.

2020 సంక్రాంతికి మళ్లీ అదే ఊరు వెళ్లాను. ఈసారి కమిటీని నేనే అడిగాను, పాత వీడియో పూర్తిగా వేస్తానని, ఆ నిమిషంన్నరకి డబ్బు తీసుకోనని. స్పాన్సర్లతో కూడా నేనే మాట్లాడాను. ఒక్కరూ కాదనలేదు. రెండేళ్ల క్రితం కూడా అడిగి ఉంటే కాదనేవాళ్లు కాదేమో, మేం అడగనే లేదు.

ఇన్నింగ్స్ మధ్యలో ఫ్లడ్ లైట్లు రెండు ఆర్పించాను. నల్ల తెర మీద మొదట మాస్టారి పేరు వచ్చింది, తెల్ల అక్షరాల్లో. తర్వాత ఒక్కో ఏడాది కరపత్రం. చివర్లో గొడుగు అంపైరుని కొద్దిగా కదిలించాను. గొడుగు విప్పి, జనం వైపు చూసి, ఈల నోట్లో పెట్టుకుంటాడు, అంతే. ఈల చప్పుడు పెట్టలేదు. గ్రౌండ్‌లో ఎవరో కుర్రాడు నిజంగా ఈల వేశాడు, వాడి వెనక వందమంది వేశారు.

మ్యాచ్ అయ్యాక మాస్టారి కూతురు వాళ్లమ్మను చెయ్యి పట్టుకుని టెంట్ దగ్గరికి తీసుకొచ్చింది. ఆవిడ ల్యాప్‌టాప్ వైపు చూస్తూ అడిగారు.

"ఆ గొడుగు విప్పింది నువ్వేనా బాబూ?"

"అవునమ్మా."

"ఆయన ఎప్పుడూ దాన్ని విప్పి గీయలేదు. వాన పడితే మ్యాచ్ ఆగిపోతుందని."

నాకేం చెప్పాలో తెలియలేదు. మళ్లీ వెయ్యమంటారా అని అడిగాను. ఆవిడ అక్కడే ఉన్న కేబుల్ డబ్బా మీద కూర్చున్నారు. వీడియో మొదటి నుంచి పెట్టాను.